జెన్నీ చేతులు

నటనను పుస్తకము చూచి నేర్చుకొనవచ్చునని నమ్మిన దినములు నాకును కలవు. పదునెనిమిదేండ్ల ప్రాయమున, మా యూరి యువకులు పరిషత్తు పోటీకై ఒక సాంఘిక నాటకమును సిద్ధపరచుచుండగా, అందు మృతుడైన తమ్ముని తలచి విలపించు అన్న పాత్ర నాకు లభించినది. నేను గ్రంథాలయమునుండి అభినయమును గూర్చిన పుస్తకమొకటి తెచ్చి, అందలి పటములలో కనుబొమలెంత ముడివడినవో, పెదవులెట్లు వంగినవో శ్రద్ధతో పరిశీలించి, రాత్రులందు అద్దము ముందు దీపము పెట్టుకొని శోకమును అభ్యసించితిని. పదిదినములు నన్ను ఓర్చుకొనిన దర్శకుడు తుదకు నా భుజముపై చేయి వేసి, “అబ్బాయ్, దుఃఖం చూపిస్తున్నావు గాని నీలో దుఃఖం లేదురా” అని నెమ్మదిగా చెప్పి, ఆ పాత్రను వేరొకని కిచ్చి, నన్ను తెరవెనుక ప్రాంప్టరుగా కూర్చుండబెట్టెను. ఆ మాటలోని న్యాయము నాకు అప్పుడు బోధపడలేదు. ఎన్నో ఏండ్లకు, 1925లో అమెరికాలో నిర్మింపబడిన ‘స్టేజ్ స్ట్రక్’ అను మూకీ చిత్రమును చూచుచుండగా బోధపడినది.

ఒహాయో నదీతీరమున ఒక చిన్న యూరు, అందొక భోజనశాల, ఆ భోజనశాలలో బల్లబల్లకు తిరిగి వడ్డించు పిల్ల జెన్నీ హేగన్. అచ్చటనే వంటవాడైన ఆర్మ్ విల్సన్, పాన్‌కేకులను పెనము మీదినుండి గాలిలోని కెగురవేసి తిప్పుటలో నేర్పరి. జెన్నీ మనసు అతనియందు, అతని మనసు రంగస్థల తారలయందు. అతడు నటీమణులను ఆరాధించువాడు గావున తానును నటి కావలెనని నిశ్చయించుకొని, ఆ యమాయకురాలు తపాలా ద్వారా వచ్చు పాఠములతో అభినయమును నేర్వనారంభించును. ఆ ఘట్టమున నాకు నా యద్దము, నా దీపము కన్నులకు కట్టినవి. నవ్వవలసిన చోట నేను నవ్వలేకపోతిని.

ఈ పాత్రను ధరించినది గ్లోరియా స్వాన్సన్. మన నాట్యశాస్త్రకారుడు చెప్పిన నాలుగు అభినయములలో వాచికము మూకీ చిత్రమున లేనే లేదు. ఆహార్యమా, దర్శకుడు సిసిల్ బి. డిమిల్ చిత్రములలో పట్టు వస్త్రములకును ఆభరణములకును ప్రసిద్ధి కెక్కిన ఆమె ఇచ్చట వంటింటి మరకల దుస్తులతో కనబడును. ఇక మిగిలినవి ఆంగికము, సాత్త్వికము. ఈ రెండింటితోనే ఆమె సాధించినది సామాన్యము కాదు. నటింపరాని పిల్లను ఒక మహానటి నటింపవలెను. పాఠమును చూచి ముఖమున పెట్టుకొనిన ముద్ర కృతకమని మనకు తెలియవలెను. ఆ కృతకత్వము వెనుకనున్న ఆశ మాత్రము నిజమని అదే క్షణమున తెలియవలెను. స్వాన్సన్ ముఖము పాఠమును అప్పగించుచుండగా ఆమె కన్నులు మాత్రము, తన ప్రియుడు చూచుచున్నాడా లేదా యని వెదకుచుండును. ముఖమొకటి చెప్పుచు కన్ను వేరొకటి చెప్పుట, నేనెరిగినంతలో, అభినయమునందు మిక్కిలి దుష్కరమైన పని.

ఆమె ఈ విద్యను ఎచ్చట గడించినది? తొలుత మాక్ సెనెట్ హాస్యచిత్రములలో పరుగులు తీసి, పడి, లేచిన శరీరమది. ఈ చిత్ర దర్శకుడు అలన్ డ్వాన్ ఇంజనీరింగు చదివినవాడు. ఒక నవ్వు ఎచ్చట మొదలై ఎచ్చట పగులవలెనో గణితము వలె లెక్కించగలవాడని అతని దృశ్యములే చెప్పును. వీరిరువురు 1924లో తీసిన ‘మాన్‌హ్యాండిల్డ్’ చిత్రములో ఆమె దుకాణపు పిల్ల. ఆ పాత్రకై ఆమె మారువేషమున ఒక పెద్ద దుకాణములో కొంతకాలము అమ్మకపు పని చేసినదట. పుస్తకము చూచి కాక, పని చేసి నేర్చుకొనుట యనగా అది.

చిత్రము మొదట జెన్నీ స్వప్నము కలదు. అది రంగులలో నున్నది. ఆనాటి టెక్నికలర్ పద్ధతిలో ఎరుపు ఛాయలకొకటి, ఆకుపచ్చ ఛాయలకొకటిగా రెండు ఫిల్ములను వీపు వీపు అంటించి ఒక ప్రతిగా చేసెడివారు; నీలము దానికి అందని వర్ణము. ఆ అసంపూర్ణ వర్ణములలో జెన్నీ మహానటియై, సలోమీ మొదలగు పాత్రలలో వెలుగుచుండును. తరువాత నలుపు తెలుపులు, భోజనశాల, ఎంగిలి పళ్లెములు. యోహాను శిరస్సును పళ్లెమున కోరిన ఆ బైబిలు యువతి సలోమీ కథలోను పళ్లెమే, జెన్నీ బ్రదుకులోను పళ్లెమే.

ఆ పళ్లెముల చెంతనే నా చూపు నిలిచిపోయినది. కిక్కిరిసిన భోజనశాలలో జెన్నీ పళ్లెములను మోయుచు, జనుల నడుమ దారి చేసికొనుచు, అరచువారికి ఒక చూపుతోనే బదులిచ్చుచు తిరుగునప్పుడు, అయిదడుగులైనను లేని ఆ శరీరములో కృతకమైన కదలిక ఒక్కటియు లేదు. మా యూరి బస్సు స్టాండు ప్రక్క హోటలులో, మోచేతి వరకు నాలుగు దోసెల ప్లేట్లు పేర్చుకొని, వేరొక చేత సాంబారు బకెట్టు పట్టుకొని, ఎవ్వరిని తాకక నడచిపోవు సర్వరును నేను చిన్ననాట ఎన్నిమార్లో విస్మయముతో చూచితిని. ఆ చేతులకు ఎవ్వరును పాఠము చెప్పలేదు, పని చెప్పినది. జెన్నీ నటి కావలెనని కలలు గన్నంతసేపు ఆమె నటన అబద్ధము, పళ్లెము పట్టిన మరుక్షణమున అది సత్యము. తన విద్య తన చేతులలోనే యున్నదని ఆ పిల్లకు తెలియదు, స్వాన్సన్‌కు తెలియును.

తరువాతి భాగమున నదిపై తేలియాడు నాటకశాల, అనగా షోబోటు, ఆ యూరికి వచ్చును. దానితో గెర్ట్రూడ్ ఆస్టర్ ధరించిన పొడగరి తారయు వచ్చును. తుదకు ఆ పొడగరికిని ఈ పొట్టిపిల్లకును బాక్సింగు పోటీ జరుగును. ప్రేక్షకులకు మిక్కిలి నచ్చునది ఆ భాగమే కావచ్చును. నాకది కొంత దీర్ఘమనిపించినది. అయినను వెస్ట్ వర్జీనియాలోని న్యూ మార్టిన్స్‌విల్ పట్టణమునకు పోయి, నిజమైన నదియొడ్డున ఆ దృశ్యములను చిత్రించుట వలన, ఆ గాలియు ఆ జనసమూహమును చిత్రమునకు ప్రాణమిచ్చినవి. చివరకు రంగులు మరల వచ్చును. అప్పుడు జెన్నీ నటి కాదు, ప్రియునితో కలిసి తమ సొంత భోజనశాలను నడుపుకొను ఇల్లాలు.

అదే 1925లో విడుదలైన స్వాన్సన్ మరియొక చిత్రము, ఫ్రాన్సులో ఆడంబరముగా తీసిన ‘మదాం సాన్ జేన్’, ఈనాడు లభించుట లేదు. మన రఘుపతి వెంకయ్యగారును, వారి కుమారుడు ప్రకాశ్‌గారును 1921లో నిర్మించిన మూకీ చిత్రము ‘భీష్మప్రతిజ్ఞ’యు లభించుట లేదు. ‘స్టేజ్ స్ట్రక్’ మాత్రము రోచెస్టరులోని జార్జ్ ఈస్ట్‌మన్ మ్యూజియము వారి సంరక్షణ వలన మిగిలినది. దానిని చూచువారు ఆ భోజనశాల దృశ్యమును రెండవమారు, ముఖమును విడిచి చేతులనే చూచుచు, చూడవలెనని నా ప్రార్థన.