బొటనవేలి బ్లూస్

అమెరికన్ బ్లూస్ గాయకుడు బి.బి.కింగ్ పాడుతున్నంతసేపూ ఆయన గిటార్ మౌనంగా ఉండేది. గిటార్ అందుకున్నాక ఆయన నోరు మూతపడేది. రెండూ ఒకేసారి చేయడం తనకు చేతకాదని ఆయనే చెప్పుకునేవాడు. ఆ చేతకానితనమే ఆయన శైలి అయింది. గొంతు ఒక మాట అంటే, 'లూసిల్' జవాబు చెప్పేది.

లూసిల్ ఆయన గిటార్ పేరు. 1949లో ఆర్కన్సా రాష్ట్రంలోని ట్విస్ట్ అనే ఊళ్లో కింగ్ కచేరీ. ఇద్దరు మగవాళ్లు కలబడి, హాలు వెచ్చబడటానికి వెలిగించిన కిరసనాయిలు పీపాను పడదోశారు. బయటికి పరిగెత్తిన కింగ్, గిటార్ కోసం మళ్లీ మంటల్లోకి దూరాడు. ఆ గొడవ లూసిల్ అనే ఆమె గురించని తర్వాత తెలిసింది. ఇంకెప్పుడూ అంత తెలివితక్కువ పని చేయకూడదని గుర్తుండేలా గిటార్‌కు ఆ పేరే పెట్టుకున్నాడు.

గొంతు, తీగల మధ్య ఈ సంవాదం మిసిసిపీ డెల్టాలో కింగ్‌కు ముందే ఉంది. అక్కడి నల్లజాతి గాయకులు తీగల శ్రుతిని మార్చి, దేన్నీ నొక్కకుండానే స్వరాలన్నీ కలిసి పలికేలా బిగించేవారు. వేలికి సీసా మెడముక్క తొడిగి తీగల మీద జార్చేవారు. మన లెక్కలో చెప్పాలంటే, సాధారణ గాంధారానికీ అంతర గాంధారానికీ నడుమ ఎక్కడో బ్లూస్ గాంధారం ఉంటుంది. గిటార్ మెట్లలో దానికి చోటు లేదు. జారుడుతోనో, వీణలో లాగా తీగను పక్కకు లాగో దాన్ని రాబట్టాలి. కింగ్‌కు ఆ సీసా జారుడు పట్టుబడలేదు. అందుకే తీగ మీద వేలిని వణికిస్తూ బంధువు బుకా వైట్ నాదాన్ని అందుకోబోయాడు. ఆ వణుకే ఆయన ముద్ర.

ఒంటరిగా పాడేవాళ్లకు మరో చిక్కు ఉంది: తాళం ఎవరు వేస్తారు? మిసిసిపీ జాన్ హర్ట్ ఆ పని బొటనవేలికి అప్పగించాడు. అది మంద్ర తీగలను మార్చిమార్చి కొడుతూ నడక తప్పదు. మిగతా వేళ్లు పై తీగల మీద పాట పలికిస్తాయి. రెండు గిటార్లేమో అనిపిస్తుంది. 1928లో ఆయన రికార్డులిచ్చాడు, అవి పెద్దగా అమ్ముడుపోలేదు, మళ్లీ వ్యవసాయంలోకి వెళ్లిపోయాడు. పాటలో ఆయన చెప్పిన సొంతూరు అవలాన్ పేరే ఆధారంగా 1963లో ఒక అభిమాని వెతుక్కుంటూ వెళ్లాడు. అదే ఏడాది న్యూపోర్ట్ జానపదోత్సవంలో పాడిన హర్ట్, 1966లో కన్నుమూశాడు. మలిజీవితానికి దక్కింది మూడేళ్లే.

1943లో డెల్టా గాయకుడు మడ్డీ వాటర్స్ షికాగో చేరాక లెక్క మారింది. బార్ల రొదలో మామూలు గిటార్ వినపడదు. కరెంటు గిటార్ వచ్చింది, వెనక డ్రమ్స్ చేరాయి. తాళం బరువు తగ్గిన గిటార్ ఒంటి తీగతో జవాబులు చెప్పే స్వేచ్ఛ పొందింది. కింగ్ నిలిచింది ఆ నేల మీదే.

వీళ్లందరిలో విచిత్రమైన చెయ్యి ఉత్తర కరోలినాకు చెందిన ఎలిజబెత్ కాటన్‌ది. ఆమెది ఎడమచేతివాటం. తీగలు మార్చకుండానే కుడిచేతివాళ్ల గిటార్‌ను తిరగేసి పట్టుకుంది. దాంతో వేళ్లకు మంద్ర తీగలు (బేస్), బొటనవేలికి పాట దక్కాయి. చిన్నప్పుడు కట్టిన 'ఫ్రెయిట్ ట్రెయిన్' 1957లో ఇంగ్లండ్‌లో హిట్టయినప్పుడు రచయితలుగా వేరేవాళ్ల పేర్లున్నాయి. వివాదం నడిచాకే ఆమెకు గుర్తింపు దక్కింది. జానపద సంగీతకారులైన సీగర్ కుటుంబం ఇంట్లో పనిచేస్తుండగా ఆమె విద్య బయటపడింది. 1958లో తొలి ఆల్బమ్, తొంభై దాటాక 1985లో గ్రామీ వచ్చాయి. ఇప్పుడు ఆ పాట నేర్చుకునే కుడిచేతివాళ్లు బొటనవేలితో బేస్, వేళ్లతో పాట మీటుతారు. స్వరాలు అవే వస్తాయి. బొటనవేలు పాటకిచ్చే ఆ బరువు మాత్రం రాదు.