మంచులో చెమట

శీతాకాలపు ఆటల్లో కెమెరాకు ఓ పట్టాన లొంగనిది క్రాస్‌కంట్రీ స్కీ పందెం. స్కీ జంప్‌లో మనిషి గాల్లో తేలతాడు. డౌన్‌హిల్‌లో కొండ మీంచి రాయిలా దూసుకొస్తాడు. కెమెరా ఎక్కడ పెట్టినా బొమ్మ పండుతుంది. క్రాస్‌కంట్రీలో ఉన్నదల్లా అడవి దారీ, నడకా పరుగూ కాని ఒక కదలికా. పైగా కొన్ని పందేల్లో ఒక్కొక్కరినీ అర నిమిషం ఎడంతో వదులుతారు. ప్రత్యర్థి ఫ్రేములోనే ఉండడు. 1980 లేక్ ప్లాసిడ్ ఒలింపిక్స్‌లో 15 కిలోమీటర్ల పందెం స్వీడన్ వాడు థామస్ వాస్‌బర్గ్ గెలిచాడు. ఫిన్లాండ్‌కు చెందిన యుహా మియెటో వెనకబడింది సెకనులో నూరో వంతు. వాళ్ల వేగానికి అది ఆరు సెంటీమీటర్లు. ఆ పోటీని ఒక్క షాట్‌లో పట్టే కెమెరా లేదు. ఎడిటింగ్‌లో కలపాల్సిందే. కలపడానికి ఆ ఇద్దరి ముఖాలూ ముందే తీసి ఉండాలి కదా!

వాలుతో ఇంకో తంటా. వైడ్ లెన్స్‌తో ఎదురుగా నిలబడితే గుండెలదిరే ఎక్కుడు కూడా చదును బాటలా కనిపిస్తుంది. పక్కకు జరిగి, కెమెరా ఒరగకుండా చూసుకుని, నిటారు పైన్ చెట్టునొకదాన్ని ఫ్రేములో ఉంచితే అప్పుడు తెలుస్తుంది అది ఎంత ఎత్తో. ఇక లైట్ మీటర్ మాట నమ్మితే తెల్లటి మంచు బూడిదరంగుకు దిగిపోతుంది. ఎక్స్‌పోజర్ ఒకటిన్నర, రెండు స్టాపులు ఎక్కువిస్తేనే మంచు మంచులా, టోపీ కింది ముఖం ముఖంలా వస్తాయి. బ్యాటరీలు కోటు లోపలి జేబులో, ఒంటి వేడికి ఆనించి పెట్టుకోవాలి. చలిలోంచి గదిలోకి వచ్చేముందు కెమెరాను సంచిలో పెట్టి మూతి బిగించకపోతే లెన్సు నిండా చెమ్మే.

ఈ విద్యకు పుట్టిల్లు జర్మనీలోని ఫ్రైబర్గ్. భూగర్భశాస్త్రం చదివిన ఆర్నాల్డ్ ఫాంక్ 1920లో అక్కడ స్కీయింగ్ మీద సినిమా తీశాడు. కెమెరా పట్టిన సెప్ ఆల్గయర్ స్వయంగా స్కీయర్. ఆ బృందంలో చేరాలంటే ముందు మంచు మీద నిలదొక్కుకోవడం రావాలి, ఫోకస్ సంగతి తర్వాత. 1928 సెయింట్ మోరిట్జ్ ఒలింపిక్స్ సినిమా కూడా ఫాంక్‌దే. తర్వాత అదే ఆల్గయర్ నాజీల న్యూరెంబర్గ్ సభను అంతే నేర్పుగా చిత్రించాడు. పనితనాన్ని మెచ్చుకునేటప్పుడు ఈ సంగతి దాచకూడదు.

ఇప్పుడు స్నోమొబైళ్లున్నాయి, డ్రోన్లున్నాయి. డ్రోన్ దారి వంపులు చూపిస్తుంది, నిజమే. కానీ ఆయాసం పైనుంచి కనబడదు. మీసం మీద గడ్డకట్టిన ఊపిరి, ఎండు మంచులో స్కీ కర్ర దిగినప్పటి కిర్రుమన్న చప్పుడు దొరికేది పక్కనే, మోకాలి ఎత్తులో కెమెరా పట్టుకుని స్కీల మీద సాగే మనిషికే. నా ఓటు అతనికే.

ఈసారి టీవీలో ఈ పందెం వస్తే చివరిదాకా చూడండి. గీత దాటగానే చాలామంది మంచు మీద కుప్పకూలిపోతారు. కెమెరా అక్కడ ఎంతసేపు ఆగిందో గమనించండి.