పంతొమ్మిదో పాయింటు దాకా రాని రోస్టరు

పెందుర్తిలో మమ్మల్ని సాయిబులంటారు. ఇంట్లో అమ్మీ, అబ్బా అంటాం. వీధిలో, బడిలో, బస్సులో మాది తెలుగే. మా అబ్బాలు కుట్టుమిషన్ మీదో, లారీ షెడ్డులోనో, స్టీల్‌ప్లాంటు కాంట్రాక్టు పనిలోనో బతుకు వెళ్లదీసినవాళ్లు. మాలో కొందరం గోపాలపట్నం మీదుగా బస్సెక్కి వెళ్లి ఎమ్మేలు చదివాం, పిహెచ్‌డీలు చేశాం. మాలో ఒకరు తెలుగు అధ్యాపక పోస్టు ఇంటర్వ్యూకి వెళ్తే, బోర్డులోని ఒక పెద్దాయన దరఖాస్తు మీది పేరు చూసి, 'ఉర్దూకి పెట్టుకోవాల్సింది కదా బాబూ' అన్నాడట. అది నోటితో అన్న మాట గనక గుర్తుండిపోయింది. అదే మాట రూల్సు రూపంలో వస్తే ఎవరికీ వినపడదు. ఆ వినపడని మాట గురించే మా ఈ విమర్శ.

విశ్వవిద్యాలయ నియామకాల మీద కోర్టుల్లో నలిగిన ప్రశ్న పైకి చాలా చిన్నది: రిజర్వేషన్ లెక్కకి యూనిట్ ఏది? విశ్వవిద్యాలయం మొత్తమా, ఒక్కొక్క శాఖా? 2006 నాటి యుజిసి మార్గదర్శకాలు విశ్వవిద్యాలయాన్నే యూనిట్‌గా తీసుకున్నాయి. బనారస్ హిందూ విశ్వవిద్యాలయం ఇచ్చిన ప్రకటన మీద నడిచిన కేసులో 2017లో అలహాబాద్ హైకోర్టు దాన్ని కొట్టేసి, శాఖే యూనిట్ అంది. 2018 మార్చిలో యుజిసి ఆ ప్రకారమే ఉత్తర్వులిచ్చింది. 2019 జనవరి 22న సుప్రీంకోర్టు అప్పీళ్లను తోసిపుచ్చింది.

తీర్పులో తర్కం లేదని మేం అనం. చరిత్ర ప్రొఫెసరూ, రసాయన శాస్త్ర ప్రొఫెసరూ ఒకే పోస్టుకి పోటీపడరు. విశ్వవిద్యాలయమంతా ఒకే లెక్కయితే, కొన్ని శాఖల్లో అన్నీ రిజర్వు పోస్టులే కావచ్చు, కొన్నింట్లో ఒక్కటీ ఉండకపోవచ్చు. ఇదీ కోర్టు బాధ. కానీ కథని చదివినట్టు తీర్పునీ చదవాలి. ఎవరి వైపు నిలబడి చెబుతోంది? ఎవరు కనపడకుండా పోతున్నారు? శాఖ యూనిట్ అయితే పదమూడు పాయింట్ల రోస్టరులో మొదటి ఓబిసి పోస్టు నాలుగోది. ఎస్సీకి ఏడోది. ఎస్టీకి పద్నాలుగోది. ముగ్గురే ఉన్న శాఖలో మొదటి మూడు కుర్చీలూ ఓపెన్. ఎవరైనా రిటైరయ్యేదాకా నాలుగో పాయింటు రాదు. రాజ్యాంగంలోని హక్కు ఒకరి పదవీ విరమణ కోసం కాచుకు కూర్చోవాలా?

మా లెక్క ఇంకా దూరం. రాష్ట్రంలోని వంద పాయింట్ల రోస్టరులో బి.సి.-ఇ మొదటి పాయింటు పంతొమ్మిదోది. ఐదు పోస్టులున్న శాఖని యూనిట్ చేస్తే పంతొమ్మిదో పాయింటు రావడానికి పద్నాలుగు ఖాళీలు పడాలి. ఒక్కో అధ్యాపకుడు ముప్ఫయ్యేళ్లు పనిచేస్తాడనుకుంటే ఎన్ని తరాలో మీరే లెక్కేసుకోండి. అదే రెండువందల పోస్టుల క్యాడర్ని ఒక్కటిగా లెక్కిస్తే నాలుగు శాతం అంటే ఎనిమిది కుర్చీలు. చట్టంలో ఒక్క అక్షరం మార్చక్కర్లేదు. యూనిట్ మారిస్తే చాలు, మేం మాయమైపోతాం.

దేశమంతా దళిత, బహుజన, ఆదివాసీ అధ్యాపకులూ విద్యార్థులూ వీధికెక్కారు. 2019 మార్చి 7న ఆర్డినెన్సు, జూలైలో చట్టం వచ్చాయి. విద్యాసంస్థే మళ్లీ యూనిట్ అయింది. అయితే అది కేంద్ర విద్యాసంస్థల చట్టం. మా బస్సు ఆగే ఆంధ్ర విశ్వవిద్యాలయం రాష్ట్రానిది. రాష్ట్ర విశ్వవిద్యాలయాల్లో మూడువేలకు పైగా పోస్టులకు 2023లో ఇచ్చిన నోటిఫికేషన్లూ కోర్టు మెట్లెక్కాయి. ఖాళీలు ఖాళీలుగానే ఉండిపోతే, పాఠాలు చెప్పేది కాంట్రాక్టు, గెస్టు అధ్యాపకులే.

అసలు మా నాలుగు శాతమే అద్దె ఇల్లు లాంటిది. 2004లో ఇచ్చిన ఐదు శాతాన్ని హైకోర్టు కొట్టేసింది. 2005 చట్టాన్నీ కొట్టేసింది. 2007 నాటి నాలుగు శాతం చట్టాన్ని 2010 ఫిబ్రవరిలో కొట్టేసింది. అదే ఏడాది మార్చి 25న సుప్రీంకోర్టు ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వు మీదే ఈనాటికీ నడుస్తున్నాం. 'మతం పేరుతో రిజర్వేషనా?' అని అడిగేవాళ్లు ఆ చట్టాన్ని చదవరు. సయ్యద్, మొగల్, పఠాన్ అందులో లేరు. ఉన్నది వెనకబడిన వృత్తుల, సమూహాల ముస్లింలు. దూదేకులవారు అంతకు చాలా ముందునుంచే బి.సి.-బిలో ఉన్నారు. ఇస్లాంలో అందరూ సమానమని చెప్పి ఈ తేడాల్ని దాచే మా పెద్దల్నీ ఇక్కడే నిలదీస్తున్నాం. ఆ పంతొమ్మిదో పాయింటు దగ్గరికి మా ఇళ్ల ఆడపిల్ల ఎందుకు చేరలేకపోతోందన్న ప్రశ్న కోర్టుది కాదు, మనది.

లౌకిక మిత్రులకి ఒక మాట. ఖాళీలు నింపమని మీరు ధర్నా చేస్తే మేమూ వచ్చి కూర్చుంటాం. కానీ ఏ యూనిట్ మీద నింపుతారని కూడా అడగండి. మెరిట్ అనే మాట వినగానే తలూపకండి. మూడు కుర్చీల గదిలో పోటీ పెట్టి, నాలుగోవాణ్ణి గుమ్మం బయటే ఆపి, లోపలున్నవాళ్లకి ఇచ్చుకునే బిరుదు మెరిట్ ఎలా అవుతుంది?

మేం అడిగేది పెద్దదేం కాదు. ఏ క్యాడర్లో ఎన్ని పోస్టులు, రోస్టరు ఏ పాయింటు దగ్గర ఆగింది, ఇదంతా నోటిఫికేషన్‌కి ముందే గోడమీద అంటించండి. పెందుర్తి నుంచి రేపు బస్సెక్కే మా పిల్ల దాన్ని చదువుకుంటుంది. తెలుగులోనే.