రజనీకాంతరావుగారి పాట

పాట వ్రాయువాడొకడు, వరుస కట్టువాడొకడు, పాడువాడింకొకడు అగుట నేటి రీతి. ఈ మూడింటిని తానే నిర్వహించువానిని మన పెద్దలు వాగ్గేయకారుడనిరి. ఇటలీ దేశమున ఇట్టివారిని ‘కాంతౌతోరె’ యందురు. గాయకుడు, కర్త అను రెండు మాటలు అందులో కలిసియున్నవి. మన కాలమున ఆ పేరునకు తగినవారు బాలాంత్రపు రజనీకాంతరావుగారు (1920–2018). వేంకట పార్వతీశ కవులలో ఒకరైన వేంకటరావుగారి కుమారులగుటచే వీరికి పద్యము ఇంటి సొత్తు. 1941లో మదరాసు రేడియోలో చేరిరి. అటుపై జీవితమంతయు ఆకాశవాణికే అర్పించిరి.

1947 ఆగస్టు 15న స్వాతంత్ర్యము వచ్చిన వేళ, టంగుటూరి సూర్యకుమారి కంఠమున ‘మాదీ స్వతంత్ర దేశం’ మదరాసు కేంద్రమునుండి వెలువడినది. దేశభక్తి గీతమనగానే సమాసములు పేర్చుట మనవారికి అలవాటు. ఈ పాటలో ఆ బరువు లేదు. పదిమంది కలిసి ఒక్క ఊపిరిలో అనదగిన చిన్న మాటలతో అల్లినది. వీరిదే అయిన ‘మ్రోయింపు జయభేరి’ గంభీరమైనదే కాని, నా మట్టుకు మొదటిదే మేలు. కమలనగరువంటి చోట, ఇంటిలో తెలుగు, వీధిలో కన్నడము, మరాఠీ వినుచు పెరుగు పిల్లలకు నిఘంటువు అక్కరలేని పాట కావలెను గదా!

‘స్వర్గసీమ’ (1945) చిత్రమున భానుమతిగారు పాడిన ‘ఓహో పావురమా’ మరియొక తీరుది. ‘బ్లడ్ అండ్ శాండ్’ అను అమెరికా చిత్రములోని కూనిరాగపు ఛాయ అందున్నదని చెప్పుదురు. ఉండనిండు. పరదేశపు పోకడను తెచ్చి తెలుగు పలుకుబడిలో ఇముడ్చుట సులభము కాదు. ఆ పాటలో ఎక్కడను అతుకు కనబడదు.

అయితే చిత్రములకు చేసిన పనిలో ఆయన పేరు పలుచోట్ల కానరాదు. రేడియో ఉద్యోగి కావున సోదరులైన నళినీకాంతరావుగారి పేర కొన్ని పాటలు వెలువడినవి. సర్కారు కొలువు చేసినవారికి ఈ కట్టుబాటు క్రొత్త కాదు. కాని గుమాస్తా వ్రాసిన చిత్తుపై అధికారి సంతకము పడుట వేరు, కవి పాటపై వేరు పేరు పడుట వేరు. పాడినవారి పేరు రికార్డుపై నిలిచి, కట్టినవాని పేరు చెరిగిపోవుట సాహిత్యమునకు నష్టమే.

చిత్రమేమనగా, ఇతరుల పేర్లు మరుగుపడకుండ కాపాడినవారు ఆయనయే. 1958లో వెలువడిన ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’నకు 1961లో కేంద్ర సాహిత్య అకాడెమీ బహుమానము లభించినది. మన సంఘమువారు పాటల పోటీలు జరుపునపుడు గాయకుల పేర్లతోపాటు రచయిత పేరును, వరుస కట్టినవారి పేరును గూడ చదివి వినిపింపవలెనని నా మనవి.