ఊళ్ళు చెప్పిన చరిత్ర

పలాస-కాశీబుగ్గ మునిసిపాలిటీ, దాని చుట్టూ ఉన్న ఉద్దానం ఊళ్ళ చరిత్ర రాయాలని చాలామంది అనుకున్నారు. పూనుకుని పూర్తిచేసినవాడు ఈ పుస్తకం రాసిన యువ ఉపాధ్యాయుడు. రాతప్రతి చదివాక మనసు నిండిపోయింది. అందుకే ఈ నాలుగు మాటలు.

బయటి లోకానికి ఉద్దానం గుర్తొచ్చేది కాల్పులు జరిగినప్పుడో, తుపాను వచ్చినప్పుడో, కిడ్నీ జబ్బుల వార్త వచ్చినప్పుడో. ఈ పుస్తకం వాటిలో దేన్నీ దాటవేయలేదు. అయితే ఆ కష్టాలు పడ్డ మనుషులు మిగిలిన రోజుల్లో ఏం పని చేసి బతికారో కూడా చెప్పింది. దీని విలువంతా అక్కడే ఉంది.

1936లో ఒరిస్సా రాష్ట్రం ఏర్పడి గంజాం జిల్లా చీలినప్పుడు పలాస, టెక్కలి ప్రాంతాలు విశాఖ జిల్లాలో కలిశాయి. 1950లో శ్రీకాకుళం జిల్లా వచ్చింది. సరిహద్దులు మారినా ఇళ్ళలో తెలుగు, ఒడియా పక్కపక్కనే బతికాయి.

1940 మార్చిలో అఖిల భారత కిసాన్ సభ మహాసభ పలాసలో జరిగింది. కొద్ది రోజులకే, ఏప్రిల్ 1న, మందస జమీందారీలోని గుడారి రాజమణిపురంలో పోలీసు కాల్పులకు నిండు గర్భిణి సాసుమాన గున్నమ్మ బలైంది. పలాసలో పెద్దల ఉపన్యాసాలు, పల్లెలో ఆ తల్లి ప్రాణత్యాగం ఒకే పోరాటమని రచయిత చూపించిన తీరు నాకు ఎంతో నచ్చింది. శ్రీకాకుళ రైతాంగ పోరాటంలో బిడ్డల్ని పోగొట్టుకున్న బొడ్డపాడు ఊరి గురించి రాసినప్పుడూ కలం అదే నిబ్బరంతో నడిచింది.

జీడి అధ్యాయాన్ని ప్రత్యేకంగా మెచ్చుకోవాలి. పలాస జీడిపప్పు పేరు దేశమంతా తెలుసు. పిక్కల్ని కాల్చో ఉడికించో, పెంకు పగలగొట్టి, పొట్టు తీసి, గుండును, బద్దను వేరుచేసే ఆడవాళ్ళ శ్రమ ఎందరికి తెలుసు? పెంకులోని జీడి రసం తగిలితే చర్మం కాలిపోతుంది. ఆ చేతుల వల్లే కాశీబుగ్గ బజారు నిలిచింది. పల్లె తోట, పట్టణం బట్టీ, హౌరా–మద్రాసు రైలు మార్గం ఒకదానికొకటి ఎలా ముడిపడ్డాయో ఈ అధ్యాయం చదివితే తెలుస్తుంది.

2018 అక్టోబర్ 11న తిత్లీ తుపాను కొబ్బరి, జీడి తోటల్ని కూల్చేసింది. ఒక కొబ్బరిచెట్టు కూలితే ఇంటికి ఏళ్ళ తరబడి రాబడి పోయినట్టే. ఇక ఉద్దానాన్ని పీడిస్తున్న కిడ్నీ జబ్బుకు కారణం ఇదీ అని ఇంకా తేలలేదు. ఆ జబ్బు సోకిన ఇళ్ళలో ఆడవాళ్ళు మోసిన బరువును, హిరమండలం నుంచి వచ్చిన మంచినీళ్ళను, 2023లో పలాసలో తెరిచిన కిడ్నీ ఆసుపత్రిని రచయిత ఒకే వరుసలో చెప్పడం న్యాయంగా ఉంది.

మలిముద్రణలో తీరంలోని మత్స్యకార గ్రామాలకు, నౌపడ ఉప్పు కొటార్లకు మరికొన్ని పేజీలు కేటాయించమని నా కోరిక. ఈ పుస్తకం ఉద్దానంలో ప్రతి బడికీ చేరాలి. పిల్లలు తమ ఊరి పేజీ తీసి చదవాలి. లేనిది పెద్దల్ని అడిగి రాయాలి. చిరంజీవి రచయితకు నా నిండు ఆశీస్సులు.