తలవైపు కాపలా

కాలేయంలో కణితి ఉంది, ఆ ముక్క తీసేయాలి అని డాక్టరు చెప్పగానే ఇంటివాళ్లు మొదట అడిగేది, ఆపరేషన్ ఎవరు చేస్తారని. మత్తు ఎవరిస్తారని అడిగేవాళ్లు అరుదు. కానీ ఈ ఆపరేషన్‌లో ఎంత రక్తం పోతుందన్నది సర్జన్ చేతివాటం మీద ఎంత ఆధారపడుతుందో, బల్లకు తలవైపు ఉన్న మత్తు డాక్టరు మీదా దాదాపు అంతే ఆధారపడుతుంది.

కాలేయంలోకి నిమిషానికి సుమారు లీటరున్నర రక్తం వస్తుంది. పెద్దమనిషి ఒంట్లో ఉండేదే ఐదు లీటర్లు. వచ్చేదాంట్లో ముప్పాతిక వంతు పేగుల నుంచి పోర్టల్ సిర తెస్తుంది, మిగతాది హెపాటిక్ ధమని తెస్తుంది. ఈ రెండూ పిత్తనాళంతో కలిసి ఒకే కట్టగా కాలేయం అడుగుకు చేరతాయి. ఆ కట్టను బిగబట్టి రక్తస్రావాన్ని ఆపే పద్ధతిని 1908లో గ్లాస్గో సర్జన్ జేమ్స్ హోగార్త్ ప్రింగిల్ ప్రచురించారు. ఇప్పటికీ థియేటర్‌లో దాన్ని ఆయన పేరుతోనే పిలుస్తారు. సర్జన్ "ప్రింగిల్ వేస్తున్నా" అనగానే మత్తు డాక్టరు గడియారం చూసుకుంటారు. సాధారణంగా 15 నిమిషాలు బిగించి, 5 నిమిషాలు వదులుతారు. అంతకుమించి ఆపితే మిగలాల్సిన కాలేయమూ దెబ్బతింటుంది.

ఇలా బిగించినా కోసినచోట రక్తం ఊరుతూనే ఉంటుంది. అది లోపలికి వచ్చే రక్తం కాదు, బయటికి వెళ్లినది తిరిగొస్తున్నది. కాలేయం నుంచి రక్తాన్ని బయటికి తీసుకెళ్లే హెపాటిక్ సిరలు గుండెకు కాస్త కిందనే మహాసిరలో కలుస్తాయి. వాటి గోడలు పల్చన, వెనక్కి రాకుండా ఆపే కవాటాలు లేవు. గోదావరి డెల్టా రైతుకు ఇది కొత్త కాదు: పంటకాలువ తూము మూసినా, మురుగుకాలువ నిండుగా ఉంటే నీరు చేలోకి ఎగదన్నుతుంది. మహాసిరలో ఒత్తిడి తగ్గితేనే ఈ ఎగదన్నడం తగ్గుతుంది. అది మత్తు డాక్టరు పని.

పెద్ద ఆపరేషన్ అంటే ముందే సెలైన్ బాగా ఎక్కించి, రక్తం పోయినా తట్టుకునేలా ఉంచాలన్నది మామూలు ఆలోచన. కాలేయం కోసేచోట ఇది తలకిందులైంది. సిరలు నిండే కొద్దీ కోతలోంచి రక్తం ఎక్కువ వస్తుంది. ఆస్ట్రేలియాలో 100 మంది రోగులను గమనించి 1998లో వెలువరించిన అధ్యయనంలో, సిరల ఒత్తిడి 5 సెంటీమీటర్ల నీటిమట్టానికి మించనివారిలో రక్తనష్టం 200 మిల్లీలీటర్ల దగ్గర ఉంటే, మించినవారిలో 1000 దగ్గర ఉంది. దాంతో కాలేయం కోయడం పూర్తయ్యేదాకా సెలైన్ బిగపట్టి ఇవ్వడం ఆనవాయితీగా మారింది.

చెప్పినంత తేలిక కాదిది. సెలైన్ తగ్గిస్తే బీపీ పడిపోతుంది, మూత్రం తగ్గుతుంది. మెదడుకూ గుండెకూ కిడ్నీలకూ చాలినంత బీపీ నిలపడానికి నోరడ్రినలిన్‌ను చుక్కల లెక్కన నడుపుతారు. వెంటిలేటర్‌లో ఊపిరి పరిమాణాన్ని కాస్త తగ్గిస్తారు, ఎందుకంటే ఛాతీలో ఒత్తిడి పెరిగితే సిరల్లోనూ పెరుగుతుంది. ఇంకో గండం గాలిది. ఒత్తిడి బాగా తక్కువగా ఉన్న సిర తెగితే రక్తం బయటికి రావడానికి బదులు గాలి లోపలికి పోవచ్చు, అది గుండెకు చేరవచ్చు. తెరమీద ఊపిరిలోని కార్బన్ డయాక్సైడ్ అంకె ఒక్కసారిగా పడిపోవడం దాని గుర్తుల్లో ముఖ్యమైనది. అది చూసిన క్షణంలోనే సర్జన్‌కు చెప్పాలి. సర్జన్ కోతను తడిగుడ్డతో కప్పి సెలైన్‌తో ముంచుతారు, ఇటు నూరు శాతం ఆక్సిజన్ ఇస్తారు. గంటలతరబడి ఆ అంకెను కనిపెట్టుకుని ఉండే ఓపికను నేను ఈ విద్యలో అన్నిటికన్నా గొప్పదిగా ఎంచుతాను.

కోత ముగిశాక బిగపట్టిన ద్రవాలను తిరిగి నింపుతారు. బీపీ కోలుకున్నప్పుడు ఎక్కడైనా రక్తం ఉబుకుతుందేమో అప్పుడే బయటపడుతుంది, పొట్ట మూయకముందే కుట్టేయవచ్చు.

మందుల ఎంపికలోనూ కాలేయమే నిర్ణేత. ఒంట్లో చాలా మందులను విరిచేది అదే కనుక, దాని సాయం పెద్దగా అక్కర్లేని వాటివైపు మొగ్గుతారు. కండరాలను సడలించే అట్రాక్యూరియం చాలావరకు రక్తంలోనే తనంతట విరిగిపోతుంది. ఒకప్పుడు వాడిన మత్తువాయువు హాలోథేన్ కొందరిలో కాలేయాన్నే దెబ్బతీసేది, దాని స్థానంలోకి ఐసోఫ్లూరేన్, సెవోఫ్లూరేన్ వచ్చాయి.

నొప్పి సంగతి మాత్రం ఇంకా తేలని తగువు. పక్కటెముకల కిందుగా పొడవాటి కోత పడితే రోగి గట్టిగా దగ్గలేడు, ఊపిరి నిండా తీయలేడు, న్యుమోనియా పట్టుకుంటుంది. వెన్నులో ఎపిడ్యూరల్ గొట్టం నొప్పిని బాగా ఆపుతుంది. అయితే కాలేయం తగ్గినందువల్ల తర్వాతి రెండు మూడు రోజులు రక్తం గడ్డకట్టే గుణం మందగిస్తుంది, సరిగ్గా ఆ రోజుల్లోనే గొట్టం తీయాల్సి వస్తుంది. అప్పుడు వెన్నులో రక్తం చేరితే కాళ్లు పడిపోవచ్చు. అందుకే చాలామంది వెన్నులో ఒకేసారి కొద్దిగా మార్ఫిన్ ఇవ్వడంవైపు మళ్లారు. దానితో ఊపిరి మందగించే ప్రమాదం ఉంది, రాత్రంతా చూసుకునే నర్సు కావాలి. ఏది మేలన్నది ఆ వార్డులో రాత్రిపూట ఎందరు మెలకువగా ఉంటారో చూసి తేల్చాలన్నది నా మాట.

ఆపరేషన్ తర్వాత ఐసియులో షుగర్, లాక్టేట్, రక్తం గడ్డకట్టే తీరు చెప్పే ఐఎన్‌ఆర్ పదేపదే చూస్తారు. కాలేయం తిరిగి పెరిగేటప్పుడు ఫాస్ఫేట్‌ను లాగేసుకుంటుంది, అది పడిపోతే ఇవ్వాలి. పారిస్ శివార్లలోని బోజోన్ ఆస్పత్రి వైద్యులు 2005లో ఒక కొలత చెప్పారు: ఐదో రోజున, గడ్డకట్టే గుణాన్నే చెప్పే ప్రోత్రాంబిన్ 50 శాతం లోపు, బిలిరుబిన్ 50 మైక్రోమోల్స్ పైన ఉంటే ప్రాణానికి పెద్ద ముప్పు. మగతగా ఉన్నవాణ్ని నొప్పి మందు వల్లే అనుకుని వదిలేయకూడదు, కాలేయం చాలకపోయినా అలాగే ఉంటుంది. ఈ స్థితి రాకుండా ముందే లెక్క కడతారు. ఆరోగ్యమైన కాలేయంలో 20 నుంచి 25 శాతమైనా మిగలాలి, సిరోసిస్ ఉంటే 40 దాకా కావాలి. చాలదనుకుంటే తీసేయబోయే భాగానికి వెళ్లే పోర్టల్ సిరను మూసి, కొన్ని వారాలు ఆగి, రెండో భాగాన్ని పెరగనిస్తారు.

హైదరాబాద్‌లో కాలేయ మార్పిడి కోసం తన కాలేయంలో సగానికి పైగా ఇచ్చే తండ్రికీ, భార్యకూ, కొడుక్కీ జరిగేది ఈ ఆపరేషనే. వాళ్లకు ఏ జబ్బూ లేదు, ఒక్క చుక్క రక్తం అదనంగా పోయినా సమర్థన లేదు. ఈ జాగ్రత్తలన్నిటి విలువా అక్కడ మరింత తెలుస్తుంది.

ఇంటికొచ్చాక మన దగ్గర పథ్యం మొదలవుతుంది. గుడ్డు వద్దు, పప్పు వద్దు, మాంసం వద్దు, చారన్నమే. కాలేయం పేరు చెప్పగానే ఎవరో పసరుమందు కూడా తెస్తారు. పసరు ముట్టకూడదు. డాక్టరు వద్దంటే తప్ప గుడ్డూ పప్పూ పెట్టాలి, నాలుగడుగులు నడిపించాలి. మిగిలిన కాలేయం మొదటి వారాల్లోనే వేగంగా పెరుగుతుంది, అందుకు కావాల్సిన మాంసకృత్తులు కంచంలోంచే రావాలి.