వాద్యకారుడి కర్తృత్వం: జెర్రీ హారిసన్ సంగీతప్రస్థానం - ఒక పరిశీలన

వ్యాససంగ్రహం:
రాక్ సంగీత విమర్శ సాధారణంగా గాయకుణ్ణి, గీతరచయితను బృందానికి కర్తగా భావిస్తుంది. అమెరికన్ న్యూవేవ్ బృందం 'టాకింగ్ హెడ్స్' విషయంలో ఆ స్థానం డేవిడ్ బర్న్‌కు దక్కింది. అదే బృందంలో కీబోర్డు, గిటారు వాయించి, అనంతరం నిర్మాతగా స్థిరపడిన జెర్రీ హారిసన్ కృషి ఆధారంగా, సమష్టికళలో కర్తృత్వాన్ని నిర్ణయించే పద్ధతిని ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలకపదాలు: న్యూవేవ్, కీబోర్డు, సంగీత నిర్మాత, కర్తృత్వం, టాకింగ్ హెడ్స్.

1. ఉపోద్ఘాతం:
1970ల ద్వితీయార్ధంలో పంక్ సంగీతానికి సన్నిహితంగా పుట్టి, కీబోర్డులకూ నృత్యలయలకూ విస్తృతంగా చోటిచ్చిన రాక్ ధోరణిని న్యూవేవ్ అన్నారు. హారిసన్ 1949లో మిల్వాకీలో జన్మించాడు. హార్వర్డ్‌లో చదివాడు. 'మోడరన్ లవర్స్' బృందంలో పనిచేసి, తరువాత వాస్తుశిల్ప విద్యలో ఉండగా, 1977లో టాకింగ్ హెడ్స్‌లో చేరాడు.

తెలుగులో నిర్మాత అనగానే పెట్టుబడి పెట్టే వ్యక్తి స్ఫురిస్తాడు. రికార్డింగ్ రంగంలో నిర్మాత అంటే పాట ఎలా వినిపించాలో కళాకారులతో కలిసి నిర్ణయించే వ్యక్తి. ఈ వ్యాసంలో ఆ పదాన్ని ఈ అర్థంలోనే గ్రహించాలి.

2. కీబోర్డు నిర్వహించిన పాత్ర:
మోడరన్ లవర్స్ పాట 'రోడ్‌రన్నర్' దాదాపు రెండు కార్డ్‌లమీదే నడుస్తుంది. స్వరసంపద ఇంత పరిమితమైనప్పుడు పాటకు చలనం ఎక్కడిది? జోనాథన్ రిచ్‌మన్ మాటలు రాత్రి కారు ప్రయాణాన్ని చెబుతాయి. హారిసన్ ఆర్గన్ ఆ వేగాన్ని అనుభవంలోకి తెస్తుంది.

1980 నాటి 'రిమెయిన్ ఇన్ లైట్' ఆల్బమ్‌లో ఈ పద్ధతి మరింత పరిణతి పొందింది. బ్రయాన్ ఈనో నిర్మించిన ఈ ఆల్బమ్‌పై ఫెలా కూటీ ఆఫ్రోబీట్ ప్రభావం ఉంది. ఇందులోని పాటలు చాలావరకు పునరావృతమయ్యే లయఖండాలపై నిలుస్తాయి. 'వన్స్ ఇన్ ఎ లైఫ్‌టైమ్' చివరిలో వచ్చే ఆర్గన్‌ను హారిసన్ వెల్వెట్ అండర్‌గ్రౌండ్ బృందం పాట 'వాట్ గోజ్ ఆన్' స్ఫూర్తితో కూర్చాడు. ఆఫ్రికన్ ప్రేరణగల లయమీద న్యూయార్క్ రాక్ స్మృతి వచ్చి చేరడంతో, కదలక తిరుగుతున్న పాటకు ఒక శిఖరం ఏర్పడింది. సాహిత్యాన్ని మాత్రమే చదివే విమర్శకు ఈ శిఖరం కనిపించదు.

3. పేర్ల క్రమం - కర్తృత్వ వివాదం:
ఆ ఆల్బమ్ తొలి ముద్రణలో పాటల కర్తలుగా డేవిడ్ బర్న్, బ్రయాన్ ఈనో, టాకింగ్ హెడ్స్ అని పేర్కొన్నారు. మిగిలిన ముగ్గురు సభ్యుల పేర్లు బృందనామంలో కలిసిపోయాయి. ఇది వారి అసంతృప్తికి కారణమైంది. స్టూడియోలో కలిసి వాయిస్తూ రూపొందించిన సంగీతానికి కాగితంపై కర్తలను ఎంచవలసి వచ్చినప్పుడు, సృజనకు వాడిన పద్ధతి ఒకటి, గుర్తింపుకు వాడిన పద్ధతి మరొకటి అయింది.

1984లో విడుదలైన జొనాథన్ డెమీ చిత్రం 'స్టాప్ మేకింగ్ సెన్స్' ఇందుకు భిన్నమైన సాక్ష్యం. బర్న్ ఒక్కడే మొదలుపెట్టిన వేదికపైకి సభ్యులు ఒక్కొక్కరుగా వస్తారు. హారిసన్ నాలుగో పాటకు వస్తాడు. ఎవరి రాకతో ధ్వని ఎంత మారిందో ప్రేక్షకుడు చెవులారా వింటాడు.

4. నిర్మాతగా హారిసన్:
1984లోనే హారిసన్, బూట్సీ కాలిన్స్‌తో కలిసి 'బాంజో గోజ్ టు వాషింగ్టన్' పేరుతో '5 మినిట్స్' విడుదల చేశాడు. మైకు పరీక్షలో రష్యాపై బాంబుదాడి గురించి అధ్యక్షుడు రీగన్ వేసిన పరిహాసాన్ని ముక్కలుచేసి లయలో కూర్చిన రచన ఇది. ఇందులో మాటా గొంతూ రీగన్‌వే; వాటిని వ్యంగ్యంగా మార్చిన కూర్పు మాత్రం ఈ సంగీతకారులది. కూర్పే కర్తృత్వమనడానికి ఇంతకంటే స్పష్టమైన ఉదాహరణ ఆయన కృషిలో లేదు.

తరువాతి ఆల్బమ్‌లలో ఫలితం ఒకే తీరుగా లేదు. వయొలెంట్ ఫెమ్స్ బృందం 'ది బ్లైండ్ లీడింగ్ ది నేకెడ్' (1986)లో నిండైన వాద్యధ్వని ఆ బృందపు సహజమైన కరకుదనాన్ని కొంత కప్పివేసింది. క్రాష్ టెస్ట్ డమ్మీస్ 'గాడ్ షఫుల్డ్ హిజ్ ఫీట్' (1993)లో గాయకుడి మంద్రస్వరం చుట్టూ ఖాళీ మిగిల్చాడు. లైవ్ బృందం 'త్రోయింగ్ కాపర్' (1994)లో నెమ్మదైన చరణానికీ, విరుచుకుపడే పల్లవికీ మధ్య అంతరాన్ని పెంచాడు.

ఈ మూడింటిలో ఏకముద్ర లేదు గనుక హారిసన్‌కు శైలి లేదని ఆక్షేపించవచ్చు. ఆయన సొంత ఆల్బమ్ 'కాజువల్ గాడ్స్' (1988) ఈ ఆక్షేపణకు కొంత బలమిస్తుంది: లయ దృఢమైనదే గాని, బర్న్ గొంతులోని ఉద్విగ్నత అక్కడ లేదు. ఆయనను మరుగునపడిన ఏకైక కర్తగా నిలబెట్టడం కూడా పాత పొరపాటునే తిరగవేయడం అవుతుంది. ఇతరుల కంఠానికి తగిన స్థలాన్ని కల్పించడం ఆయన ప్రతిభ. ఆ కంఠం లేనప్పుడు కనిపించే వెలితి ఆయన పరిమితి.

5. ముగింపు:
హారిసన్ ప్రస్థానం కర్తృత్వాన్ని ఒక వ్యక్తికి కట్టబెట్టకుండా, పాటలో జరిగిన నిర్ణయాల ద్వారా గుర్తించాలని సూచిస్తుంది. తెలుగు సినీగీత పరిశోధనకూ ఇది వర్తిస్తుంది. తెలుగుశాఖలలో సినిమా పాటను సహజంగా సాహిత్యంగానే చదువుతాం. అయితే పాట ప్రభావాన్ని కవి ప్రతిభగా నిర్ధారించే ముందు, ఆ ప్రభావంలో వాద్యసమ్మేళనం వాటా ఎంతో వినవలసిన బాధ్యత పరిశోధకుడిపై ఉంది. ఆ వాటాను లెక్కించినందువల్ల కవి స్థానం తగ్గదు. కవి చేసినదేమిటో మరింత కచ్చితంగా తేలుతుంది.